నోటిమాట పొత్తులు - న్యాయస్థానములు

మన అంగళ్లలో ధాన్యము కొలుచునప్పుడు మొదటి మానికను 'ఒకటి' అని లెక్కించెడి వాడుక లేదు. 'లాభము' అని పలికి, పిమ్మట 'రెండు' అందురు. పొత్తు వ్యాపారము లారంభించుచోటను ఈ శుభాకాంక్షయే కనబడును. ఒకనికి ధనము కలదు. మరియొకనికి ఓపికయు, బజారులో పరిచయమును కలవు. ఇద్దరును కూడి ఒక బియ్యపు మరనో, నూనె గానుగనో, బట్టల కొట్టునో పెట్టుదురు. వాటాలెంత? నీకు సగము, నాకు సగము. నష్టము వచ్చినచో ఏమి చేయుదము? ఆ ప్రశ్న నడుగుటయే అమంగళము. కాగితము వ్రాసికొందమని ఒకడు అన్నచో, 'నామీద ఆమాత్రము నమ్మకము లేదా?' అని రెండవవాడు నొచ్చుకొనును. ఆ నొప్పికి వెరచియే మనవారిలో ఎందరో కలము కాగితములను ముట్టక పదియేండ్లు, ఇరువదియేండ్లు పొత్తున వర్తకము సాగించిరి. అందులో అనేకులు కలతలేకయే విడిపోయిరి. వారి కథలు న్యాయస్థానముల దస్త్రములకు ఎక్కలేదు. 'ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చె' నను సామెత నిజమైనచోట మాత్రమే కథ కోర్టువరకు వచ్చెను. అట్టి నోటిమాట పొత్తులను న్యాయస్థానము ఏ కాలమున ఏ రీతిగా చూచినదో ఈ వ్యాసమున ముచ్చటింపదలచితిమి.

మన ప్రాచీనులు ఈ విషయము నాలోచింపక పోలేదు. స్మృతులు చెప్పిన పదునెనిమిది వ్యవహారపదములలో 'సంభూయ సముత్థానము' ఒకటి. అనగా కూడి పూనుకొనిన పని యని అర్థము. కౌటిల్యుడు అర్థశాస్త్రమున దీనిని చర్చించెను. యాజ్ఞవల్క్యుడు కొలది మాటలలో చెప్పిన నియమములు నేటికిని ఆశ్చర్యము గొలుపును. లాభమును గోరి కూడి పనిచేయు వర్తకులు లాభనష్టములను పెట్టుబడి ననుసరించి గాని, ముందుగా చేసికొన్న ఒప్పందము ననుసరించి గాని పంచుకొనవలెను. తక్కినవారు వలదన్న పని చేసియో, వారి యనుమతి లేకయో, ఏమరుపాటుననో సొత్తు పాడుచేసినవాడు దానిని తానే యిచ్చుకొనవలెను. ఆపదనుండి సరకును కాపాడినవానికి అందులో పదియవవంతు చెల్లును. వంచకుని లాభమియ్యకయే వెలివేయవచ్చును. తాను పనిచేయలేనివాడు మరియొకనిచేత చేయింపవచ్చును. ఈ స్మృతికి చాళుక్య విక్రమాదిత్యుని కాలమున విజ్ఞానేశ్వరుడు మితాక్షర యను వ్యాఖ్య వ్రాసెను. 13వ శతాబ్దిలో, తిక్కనకు దశకుమారచరిత్రము నంకితమిచ్చిన కేతన, ఆ ధర్మమును తెనుగు పద్యములలోనికి తెచ్చెను. సంస్కృతము రాని మన వర్తకునికి కూడ ధర్మము తన భాషలో వినబడినది. ఇది చిన్న విషయము కాదని మా యభిప్రాయము.

ఈ ధర్మమున పొత్తునకు వ్రాత తప్పనిసరి కాదు. తగవు వచ్చినప్పుడు రుజువు మాత్రము కావలెను. లిఖితము, భుక్తి, సాక్షులు అని ప్రమాణములు మూడు. ఇవి లేనిచో దివ్యము. నిప్పు, నీరు, త్రాసు మున్నగువానితో చేయు దివ్యపరీక్షలు ఎప్పుడో పోయినవి గాని, మొదటి మూడును నేటి న్యాయవాది సంచిలో ఉన్నవే.

కంపెనీవారి పరిపాలనను గూర్చి ఇచ్చట పెక్కు మాటలు చెప్పనక్కరలేదు. మద్రాసులో 1798లో ఏర్పడిన రికార్డరు కోర్టును, 1801లో దాని స్థానమున వచ్చిన సుప్రీంకోర్టును, ఉభయపక్షములు హిందువులైనచో ఒప్పందపు తగవులను హిందూ ధర్మశాస్త్రము ననుసరించి తీర్చవలసియుండెను. జగన్నాథ తర్కపంచాననుడు కూర్చగా కోల్‌బ్రూకు ఆంగ్లమున అనువదించిన ధర్మశాస్త్ర సంగ్రహమున పొత్తు వ్యవహారములకును ఒక భాగము కలదు. థామస్ మన్రో సంస్కరణల ఫలితముగా 1816లో మద్రాసు రాజధానియందు గ్రామ మున్సిఫులు, పంచాయతులు చట్టబద్ధములైనవి. వర్తకుల తగవులు పెద్దమనుషుల యెదుట తీరవలెనన్న ఆశ అందుండెను. కాని ఆ పంచాయతులు వేరు దన్నలేదు. బలము గల డిక్రీ కావలసినవాడు కోర్టునకే పోయెను.

1872లో కాంట్రాక్టు చట్టము వచ్చుటతో సంభూయ సముత్థానము గ్రంథములకు పరిమితమయ్యెను. ఆ చట్టపు పదకొండవ అధ్యాయము భాగస్వామ్యమును గూర్చినది. అదే సంవత్సరమున కలకత్తానుండి ప్రీవీ కౌన్సిలునకు పోయిన ఒక వ్యాజ్యెము నోటి పొత్తులకు ముఖ్యమైన సూత్రము నిచ్చినది. ఒక రాజావారు ఒక వర్తక సంస్థకు అప్పిచ్చి, అప్పు తీరువరకు లాభములలో నూటికి ఇరువది చొప్పున కమీషను పుచ్చుకొనుటకును, వ్యాపారముపై కొంత పెత్తనము చేయుటకును ఒప్పందము చేసికొనిరి. సంస్థ కూలిపోగా, లాభము తినువాడు భాగస్వామియే గదా యని ఋణదాతలు రాజావారి ఆస్తిపై పడిరి. ప్రీవీ కౌన్సిలు వారి మాట నంగీకరింపలేదు. లాభమున వాటా పుచ్చుకొనుట ఒక గుర్తు మాత్రమే, అదియే పొత్తు కాదు. ఉభయుల నడుమ నిజముగా ఏ సంబంధముండెనో సమస్త పరిస్థితులనుండి తెలిసికొనవలెను అని తేల్చిరి. కాగితము లేని పొత్తునకు ఈ సూత్రమే ఆధారము. కొట్టు అద్దె ఎవరు చెల్లించిరి? సరకు ఎవరి పేర వచ్చెను? గుమాస్తాలు ఎవరి మాట వినిరి? చిట్టాలో ఎవరి పేరున పెట్టుబడి జమకట్టబడినది? ఇట్టి చిన్న ప్రశ్నలు పోగుపడి పెద్ద ప్రశ్నకు సమాధానమగును.

ఇక 1932వ సంవత్సరపు భాగస్వామ్య చట్టము. దాని ముసాయిదాను పరిశీలించిన ప్రత్యేక సంఘమున బ్రోజేంద్ర మిత్తర్, దిన్‌షా ముల్లా, ఆర్థర్ ఎగ్గర్‌లతోబాటు నెల్లూరు జిల్లా పుదూరున పుట్టిన అల్లాడి కృష్ణస్వామి అయ్యరు కూడ ఉండిరి. పిమ్మట రాజ్యాంగ రచనా సంఘమున సభ్యుడై వాసికెక్కినది ఆయనయే. ఈ చట్టము సైతము పొత్తునకు వ్రాత ఉండితీరవలెనని చెప్పలేదు. వ్యాపారపు లాభములను పంచుకొనుటకు అంగీకరించినవారి సంబంధమే భాగస్వామ్యము; ఆ వ్యాపారమును అందరును గాని, అందరి తరఫున ఒకడు గాని నడుపవచ్చును. నోటిమాట చాలును. తండ్రినుండి వచ్చిన కొట్టును ఉమ్మడిగా నడుపు అన్నదమ్ములు మాత్రము ఆ కారణముచేతనే భాగస్వాములు కారు. వారి సంబంధము పుట్టుకవలన వచ్చినది, ఒప్పందమువలన కాదు. మన జిల్లాల తగవులలో ఈ భేదము ఎందరినో తికమకపెట్టినది.

మాట తేలనిచోట చట్టము తానే మాట పూరించును. ఇచ్చట మన స్మృతికిని చట్టమునకును నడుమ నున్న తేడాను పాఠకులు గమనింతురు గాక. ఒప్పందము లేనిచో పెట్టుబడి ననుసరించి పంచుకొమ్మని యాజ్ఞవల్క్యుడు చెప్పెను. 13వ సెక్షను సమానముగా పంచుకొమ్మన్నది. మూడువంతుల పెట్టుబడి పెట్టి వాటాల మాట తేల్చుకొననివాడు లాభములలో సగముతో తృప్తి పడవలసినదే. చేతి కష్టమే పెట్టుబడిగా వచ్చినవానికి ఇది మేలు. ఏది న్యాయమని మమ్మడిగినచో, వ్యాపారమును బట్టి యుండునని తప్పించుకొందుము.

ఈ చట్టమునకు అసలు కోరలు 69వ సెక్షనున ఉన్నవి. సంస్థను రిజిస్టరు చేయించుట ఎవరి యిష్టము వారిది. రుసుము మొదట మూడు రూపాయలకు మించనిది. కాని రిజిస్టరు కాని సంస్థలోని భాగస్వామి, ఒప్పందమువలన కలిగిన హక్కు కొరకు సంస్థమీద గాని, తోటి భాగస్వామిమీద గాని దావా వేయజాలడు. సంస్థయు తనకు బాకీపడిన బయటివానిమీద దావా వేయజాలదు. బయటివాడు మాత్రము సంస్థమీద నిరాటంకముగా వేయవచ్చును. ఇందలి ఉద్దేశము మంచిదే. అప్పులిచ్చినవాడు వచ్చి అడిగినప్పుడు 'నేను భాగస్వామిని కాను' అని మాయమగు పెద్దమనుషులను పట్టుటకు ఒక బహిరంగ పట్టిక కావలసెను. బలవంతపెట్టుట ఇష్టము లేక ఒత్తిడి మాత్రము పెట్టిరి. చట్టము 1932 అక్టోబరు 1న అమలునకు రాగా, వర్తకులకు వ్యవధి నిచ్చుటకై ఈ ఒక్క సెక్షనును 1933 అక్టోబరు 1 వరకు ఆపిరి.

ఒక్క సంవత్సరపు వ్యవధి ఊరూర నున్న కొట్లకు చాలినదా? రిజిస్ట్రారు కార్యాలయపు గడప త్రొక్కక వ్యాపారము సాగించువారు నేటికిని కొల్లలుగా నున్నారు. సరకు నిజముగా తీసికొని, బాకీ నిజముగా పడినవాడు 'మీ సంస్థ రిజిస్టరు కాలేదు గదా' అని కోర్టులో నిలిచి గెలుచుట చూచినప్పుడు, చట్టము ఎవరిని పట్టబోయి ఎవరిని పట్టినది అను సందేహము కలుగక మానదు. దావా వేసిన పిమ్మట పరుగెత్తిపోయి రిజిస్టరు చేయించినను ఆ దావా బ్రతుకదు. గడువు మిగిలియున్నచో క్రొత్తగా వేసికొనవలసినదే.

ఈ కాఠిన్యమునకు సుప్రీంకోర్టు 1964లో తీర్చిన ఒక వివాదము మంచి నిదర్శనము. రెండు వర్తక సంస్థలు 1955 జూలైలో ఒక్క ఉత్తరము ద్వారా పొత్తు కుదుర్చుకొనినవి. 1956 జనవరి మొదలు జూను లోపల పదివేల టన్నుల మాంగనీసు ఖనిజమును అమెరికాకు ఎగుమతి చేయవలెను. తగవు వచ్చినచో మధ్యవర్తులకు అప్పగింపవలెనని ఆ ఉత్తరముననే వ్రాసికొనిరి. తగవు రానే వచ్చినది. ఒక పక్షము మధ్యవర్తిని నియమింపుమని కోర్టును కోరెను. పొత్తు రిజిస్టరు కాలేదు. అది దావా కాదు, దరఖాస్తు మాత్రమే యని వాదించిరి గాని, ఆ దరఖాస్తు కూడ ఒప్పందపు హక్కును అమలు జరుపుకొను ప్రయత్నమే కావున 69వ సెక్షను అడ్డు తగులునని న్యాయమూర్తి హిదయతుల్లా తీర్పు చెప్పిరి. వేల టన్నుల ఖనిజమునకు ఉత్తరము చాలినది; కోర్టు తలుపు తెరుచుటకు చాలలేదు.

అయినను చట్టము ఒక కిటికీని తెరిచియుంచెను. సంస్థ రిజిస్టరు కాకున్నను, దానిని రద్దుచేయుమనియు, రద్దయినదాని లెక్కలు తేల్పుమనియు, దాని ఆస్తిని రాబట్టుకొనుటకును భాగస్వామి దావా వేయవచ్చును. అనగా కలిసియుండి హక్కు నడుగరాదు. విడిపోయి లెక్క నడుగవచ్చును. పొత్తు సాగుచుండగా 'ఈ ఏటి లాభములో నా పాలు ఇమ్ము' అని పోయినవాని దావా కొట్టివేయబడును. అదే మనిషి 'పొత్తు తెంచి లెక్క చూపుము' అన్నచో కోర్టు వినును. 2025 జనవరిలో ఆంధ్రప్రదేశ్ నుండి వచ్చిన వ్యాజ్యెమున సుప్రీంకోర్టు ఈ మాటనే మరల చెప్పినది. రిజిస్టరు కాని సంస్థ భాగస్వాములు రద్దును, లెక్కలను అడుగక తోటి భాగస్వామినుండి సొమ్ము మాత్రము రాబట్టబోగా దావా నిలువలేదు. మధ్యవర్తుల విషయమున మాత్రము కొంత సడలింపు వచ్చినది. మధ్యవర్తి యెదుట నడచు విచారణకు ఈ నిషేధము వర్తింపదని 2016లో అదే న్యాయస్థానము తేల్చినది.

ఆ కిటికీకిని గడువు కలదు. రద్దయిన పొత్తు లెక్కలకై దావా వేయుటకు రద్దు దినము మొదలు మూడేండ్లు. 1908 నాటి కాలపరిమితి చట్టమున ఇదియే, 1963 చట్టమునను ఇదియే. వేరు ఒప్పందము లేనిచో భాగస్వామి చనిపోయిన దినముననే పొత్తు రద్దగును. దీని ఫలితమును ఆలోచింపుడు. ఇంటి యజమాని పోయినాడు. ఆయనకును మిత్రునకును ఇరువదియేండ్ల పొత్తు. ఇంట కాగితము లేదు. ఆ యిల్లాలు మైల తీరకముందే లెక్క లడుగదు గదా. సంవత్సరీకము కానిండు, ఆడపిల్ల పెండ్లి కానిండు అని ఆగును. మిత్రుడు నెలనెలకు కొంత సొమ్ము పంపుచు 'ఎక్కడికి పోవును, చూతములెమ్మా' అనుచుండును. మూడేండ్లు నిండిన మరునాడు ఆయన మాట మారినచో ఆమెకు దారి లేదు. 'బావిలో పాలు తప్పినను ఈ యొక్క బాకీలో నా పాలైన ఇమ్ము' అనుటకు వీలుండెనేమో యని 1922లో మద్రాసునుండి పోయిన ఒక వ్యాజ్యెమున ప్రీవీ కౌన్సిలు చూచెను. లెక్కలకే కాలదోషము పట్టిన పిమ్మట, తరువాత వసూలైన ఒక ఆస్తిలో వాటా విడిగా అడుగ వీలులేదనియే వారు చెప్పిరి. మొత్తము లెక్క తేలనిదే ఏ ఒక్క రూపాయి ఎవరిదో ఎట్లు తెలియును? తర్కము సరియైనదే. ఆ యిల్లాలికి మాత్రము తర్కము అన్నము పెట్టదు.

ఒక్క చీటీ ఆమెను కాపాడగలదు. గడువు తీరకముందు ఎదుటివాడు లెక్క తేలవలసియున్నదని వ్రాసి సంతకము చేసిన ఉత్తరము ఉన్నచో, ఆ దినమునుండి గడువు క్రొత్తగా మొదలగును. ఇంకొక రక్షణ 37వ సెక్షనున కలదు. లెక్క తేల్పక మిగిలినవారు అదే ఆస్తితో వ్యాపారము సాగించినచో, పోయినవాని వారసులు ఆ ఆస్తివలన వచ్చిన లాభములో పాలు గాని, ఏటికి నూటికి ఆరు వడ్డీ గాని కోరవచ్చును. కోరవచ్చునని తెలిసినవారు తక్కువ.

ఇంతవరకు పొత్తు పుట్టుటకు కాగితము లేని కథ. పొత్తు పోవుటకు కాగితము సరిపోని కథ మన తెలుగునాటిదే ఒకటి కలదు. అందలి కుటుంబముల యింటిపేర్లు న్యాయవాదుల నోట, న్యాయశాస్త్ర విద్యార్థుల నోట నేటికిని వినబడుచునే యున్నవి; మనకు వానితో పనిలేదు. రెండు ఉమ్మడి కుటుంబములు సగపాలుగా కూడి వడ్లు దంచు మరను, వేరుసెనగ కాయలు ఒలుచు యంత్రమును పెట్టి వ్యాపారము చేసినవి. సంస్థకు కొంత భూమియు ఉండెను. 1936లో ఒక కుటుంబమువారు ఐదుగురు రెండవ కుటుంబపు యజమానికి ఒక కరారు వ్రాసియిచ్చిరి. మా యింట పంపకపు తగవులు వచ్చినవి, ఇక పెట్టుబడి పెట్టజాలము, నేటితో పొత్తు మూసివేసితిమి, యంత్రములలోను వ్యాపారములోను మా పాలు మీకే వదలితిమి అని దాని సారము. మీరు కోరినచో మీ ఖర్చుతో రిజిస్టరు దస్తావేజు వ్రాసియిత్తుమని కూడ చెప్పిరి. ఆ దస్తావేజు వ్రాయబడలేదు. నమ్మకము మరల కలమును ఆపినది.

తరువాత ఆ కుటుంబమువారిలో కొందరు పొత్తు ఇంకను ఉన్నదనియు, దానిని రద్దుచేసి లెక్కలు తేల్పవలెననియు దావా వేసిరి. 1936లోనే సర్వము తీరినదని ఎదుటివారు కరారు చూపిరి. 'అందు భూమి ఉన్నది. నూరు రూపాయలు మించిన స్థిరాస్తిలో హక్కు వదలుకొను పత్రము రిజిస్టరు కానిదే సాక్ష్యమునకు చెల్లదు' అని వాదుల ఆక్షేపణ. ఇరు కోర్టులు దాటి వివాదము సుప్రీంకోర్టునకు చేరెను. 1966లో న్యాయమూర్తి ముధోల్కరు వ్రాసిన తీర్పు కరారును నిలిపినది. పొత్తు సాగునంతకాలము ఏ భాగస్వామియు ఈ గోడ నాది, ఈ చెక్క నాది అనజాలడు. అతనికి లాభములో పాలు కలదు. పొత్తు తెగినప్పుడు అప్పులు పోను మిగిలినదాని విలువలో పాలు కలదు. అది సొమ్ములోని హక్కే గాని భూమిలోని హక్కు కాదు. కావున భాగస్వామి తన పాలు వదలుకొను చీటీకి రిజిస్ట్రేషను అక్కరలేదు. ముప్పదియేండ్లనాటి ఆ చీటీ ఎదుటి కుటుంబపు మరను నిలబెట్టెను. నోటిమాటకును దస్తావేజునకును నడుమ నున్న మన కరారులకు ఇంతటి గౌరవము దొరకిన సందర్భము మరియొకటి మాకు స్ఫురించుట లేదు.

అన్ని పొత్తులకు ఈ గౌరవము లేదు. మద్రాసు రాజధానిలో కల్లు, సారాయి పాటలు ఒకని పేర పాడి, నలుగురు చాటున పెట్టుబడి పెట్టుట పరిపాటి. లైసెన్సు ఒకనిది, లాభము నలుగురిది. అట్టి పొత్తు ఆబ్కారీ చట్టమునకు విరుద్ధము కావున మొదటినుండియు చెల్లదని 1950లో మద్రాసు హైకోర్టు ఫుల్ బెంచి తీర్మానించెను. కోస్తా, రాయలసీమ జిల్లాలు అప్పటికి ఆ హైకోర్టు క్రిందనే యుండెను. చాటు పెట్టుబడిదారునికి లెక్క లడుగు హక్కు లేదు. పాటదారుడు అంతయు మ్రింగినను కోర్టు కనులు మూసికొనును. 1725లో లండనులో ఇద్దరు దారిదోపిడి దొంగలలో ఒకడు రెండవవానిమీద పొత్తు లెక్కలకై వ్యాజ్యెము వేసినాడట! గడియారములు, ఉంగరములు, గుఱ్ఱములు మున్నగువాని 'వ్యాపారము' చేసితిమని దావాలో మర్యాదగా వ్రాయించెను. కోర్టు మండిపడి, దావా తెచ్చిన వకీళ్లకు చెరి యేబది పౌన్లు జుల్మానా వేసెను. వాదియు ప్రతివాదియు కొలదియేండ్లలో వేరువేరుగా ఉరికంబ మెక్కిరి. కల్లుపాట వర్తకుని ఆ దొంగల వరుసను నిలుపుట మా యుద్దేశము కాదు. ధర్మమొక్కటే యని చెప్పుటకు ఆ కథ నెత్తుకొంటిమి.

ఇక చట్టబద్ధమైన నోటి పొత్తు నిజముగా కోర్టులో ఎట్లు తేలును? మొదట న్యాయమూర్తి ప్రాథమిక డిక్రీ నిచ్చును. పొత్తు ఉండెనా, వాటాలెంత, ఏ దినమున రద్దయినది అనునవి అందు తేలును. పిమ్మట లెక్కలు చూచుటకు కమిషనరు నియమింపబడును. సాధారణముగా ఆయన యువ న్యాయవాదియై యుండును. ఆయన బల్లమీదికి చిట్టాలు, ఆవర్జాలు, బిల్లుల కట్టలు వచ్చును. లెక్కపుస్తకములోని పద్దు ఒక్కటే ఒకనిపై బాధ్యత మోపుటకు చాలదని 1872 సాక్ష్య చట్టపు 34వ సెక్షను చెప్పెను. 2024 జూలైనుండి అమలులోనున్న భారతీయ సాక్ష్య అధినియమమును అదియే చెప్పుచున్నది. పద్దునకు తోడు మనిషి కావలెను. సరకు తూచిన గుమాస్తా, బండి తోలినవాడు, సొమ్ము జమకట్టిన ముసలి లెక్కలవాడు రావలెను. పుస్తకము తన చేతిలో నుంచుకొని తేనివానికి ప్రతికూలముగా కోర్టు ఊహింపవచ్చును. అయినను చెదలు తిన్నవన్న పుస్తకములను ఊహతో పూరించుట ఏ కమిషనరునకైనను కష్టమే. ఆయన నివేదికపై ఆక్షేపణలు, వానిపై విచారణ, తుదకు ఆఖరు డిక్రీ. ఈలోగా మర తుప్పుపట్టును. కొట్టు ఇంటి యజమాని అద్దె బాకీకై తాళము వేసికొనును. ఆ ముసలి లెక్కలవాని సాక్ష్యము నమోదగుటకు ఆయన అప్పటికి బ్రతికియుండవలెను.